మేస్త్రిగారి ఊరు తరలిన మధ్యాహ్నం

కంప్యూటర్ పళ్ళు కొరుకుతోందని మొదట కనిపెట్టింది కోడలు.

ఆవేళ ఆమె మంచం మీద కూర్చుని ఉతికిన బట్టలు మడతపెడుతోంది. పక్కగదిలో మామగారు ఎప్పట్లాగే కిటికీ దగ్గర బల్ల ముందు చేరి తన ఊరు కట్టుకుంటున్నారు. ఉన్నట్టుండి టక్, టక్‌టక్ మని, నిద్రలో పసిపిల్లలు పళ్ళు కొరికినట్టు సన్నటి చప్పుడు వినిపించింది. ఆగింది. మళ్ళీ వచ్చింది. ఆమె చేతిలో దిండుగలేబుతోనే లేచి వెళ్ళి, బల్ల కింద ఉన్న పెట్టెకి చెవి ఆనించింది.

"మావయ్యా, ఇది ఎన్నాళ్ళనుంచి ఇలా చేస్తోంది?"

"ఏది?"

"ఈ చప్పుడు."

"ఓహో, అదా! నేనింకా మీ అత్తయ్య గొణుగుతోందనుకుంటున్నానే."

ఆయన్ని ఆ వీధిలో అందరూ మేస్త్రిగారనే పిలుస్తారు. జీవితమంతా తాపీ పట్టిన చెయ్యి. ఆ పట్నంలో ఏ మూలకి పోయినా ఆయన లేపిన గోడ ఒకటి ఎదురవుతుంది. మోకాళ్ళు అరిగి ఇక పరంజా ఎక్కలేనని తేలిపోయాక, మూడో అంతస్తు వరండాలో కుర్చీ వేసుకుని, ఎదురుగా లేస్తున్న కొత్త భవనాన్ని చూస్తూ కాలం గడపబోయారు. చూసి ఊరుకుంటే బాగానే ఉండేది. "ఒరేయ్ నీలంచొక్కా, తూకం గుండు వేసి చూసుకోరా! ఆ గోడ పొట్ట ముందుకొచ్చింది!" అని ఇక్కణ్ణించే కేకలు పెట్టేవారు. ఆ పనివాళ్ళు మొదట్లో నవ్వారు. తర్వాత ఓపిక పట్టారు. చివరికి మెట్లెక్కి వచ్చి ఆయన కొడుకు దగ్గర మొరపెట్టుకున్నారు.

కొడుకు విమానాశ్రయంలో సామాన్లు ఎక్కించి దించే విభాగంలో పని చేస్తాడు. బరువుని ఒకచోటినుంచి ఇంకోచోటికి నెమ్మదిగా మళ్ళించడం అతనికి అలవాటైన విద్య. ఆ ఆదివారమే నాన్నని కంప్యూటర్ ముందు కూర్చోబెట్టి ఒక ఆట పెట్టి ఇచ్చాడు.

ఆ ఆటలో గెలవడం ఓడడం లేవు. కొండలు, ఏరు, అడవి, చివరికి మబ్బులు కూడా పలకలు పలకలుగా, చెక్కపెట్టెలు పేర్చినట్టు ఉంటాయి. రాయి తవ్వుకోవచ్చు, చెట్టు కొట్టుకోవచ్చు, ఇటుక కాల్చుకోవచ్చు, ఒకదాని మీద ఒకటి పేర్చుకోవచ్చు. మేస్త్రిగారు మొదటి రోజు మౌసుని తాపీలా పిడికిట్లో బిగించి చెమటలు కక్కారు. నెల తిరిగేసరికి ఒక గోడ నిలబడింది. ఏళ్ళు తిరిగేసరికి ఏటికి అటూ ఇటూ ఊరే లేచింది. రెండు వంతెనలు, కొండ మీదికి మెట్ల వీధి, దీపస్తంభాలు, ఎర్రరాతి నాటకశాల, అందులో వరసగా బల్లలు. మనిషి మాత్రం మచ్చుకి ఒక్కడు ఉండడు.

"నేల మీద మేడలు కట్టడం అయిపోయింది, ఇప్పుడు గాలిమేడలు," అనేది అత్తగారు. ఆవిడ ఆస్పత్రిలో హెడ్ నర్సుగా చేసి రిటైరయింది. ఆవిడ లెక్కలో ఇంట్లోవాళ్ళందరూ మంచం దిగకూడని రోగులే. "జనం లేని ఊరికి మేస్త్రి, జబ్బు లేని ఊరికి డాక్టరు. ఇద్దరికీ తీరికే తీరిక."

జనం లేరన్నమాట నిజం కాదని ఒక్క కోడలికే తెలుసు. టీ తెచ్చి ఇచ్చినప్పుడల్లా ఆయన ఆమెకి వీధులు చూపించేవారు. ఇది సున్నం కలిపే ఆవిడ ఇల్లు, చేతులెప్పుడూ పగిలి ఉండేవి, అందుకే గుమ్మం పక్కనే నీళ్ళ తొట్టి. ఇది ఇటుకలు మోసే బక్కాయనది, పదిమంది పిల్లలు, అందుకని గదులెక్కువ. వీళ్ళందరూ ఆయనతో పాటు ఎండలో నిలబడి ఊరందరికీ ఇళ్ళు కట్టినవాళ్ళే. తమకంటూ నాలుగు గోడలు లేకుండానే వెళ్ళిపోయినవాళ్ళు. వాళ్ళందరినీ మేస్త్రిగారు తన ఊళ్ళో కాపురం పెట్టించారు. ఈ సంగతి భార్యకి ఎందుకు చెప్పలేదని కోడలు ఒకసారి అడిగితే, "చెబితే వాళ్ళందరికీ సూదులు పొడవడానికి బయల్దేరుతుంది," అన్నారు.

ఆ టకటక చప్పుడు విన్నాక కోడలికి మనసు మనసులో లేదు. ఆమె పనిచేసేది స్కానింగ్ సెంటర్లో. రోజుకి ఎందరివో ఎముకలు, ఊపిరితిత్తులు డిస్కుల్లోకి ఎక్కించి భద్రం చేయడం ఆమె పని. అక్కడ ఒక డిస్క్ ఇలాగే కొన్నాళ్ళు పళ్ళు కొరికి, ఒక ఉదయం మాటామంతీ లేకుండా కన్నుమూసింది. ఆ రాత్రి భోజనాల దగ్గర మొగుడికి ఆ మాటే చెప్పింది. మర్నాడు అతను అగ్గిపెట్టె కన్నా పల్చగా ఉన్న కొత్త డిస్క్ కొనుక్కొచ్చాడు. పెట్టె విప్పి, దాన్ని లోపల బిగించి, డ్యూటీకి వెళ్తూ గుమ్మంలో చెప్పులు తొడుక్కుంటూ అన్నాడు:

"ఆటలన్నీ కొత్తదానిలోకి మార్చెయ్. కత్తిరించి పెట్టకు, కాపీ చెయ్. అన్నీ వచ్చాయని చూసుకున్నాకే పాతవి చెరుపుదాం. నాన్న ఊరు కూడా ఆ ఆట ఫోల్డర్లోనే ఉంటుంది, జాగ్రత్త."

"ఊరికి ఊరే మారుస్తున్నాం, ఒక్క సామాను బండి కూడా లేదు," అన్నారు మేస్త్రిగారు సంబరంగా.

"పిల్లి తన పిల్లల్ని ఏడిళ్ళు తిప్పిందట, ఆ సంబరం," అంది అత్తగారు వంటగదిలోంచి.

కోడలికి ఆవేళ సెలవు. ఆకాశం పొద్దుటినుంచీ మబ్బుపట్టి, వానా రాక ఎండా రాక, తడి గుడ్డ కప్పినట్టుంది. వీధిలో సైకిళ్ళ షాపువాడు చక్రం తిప్పి వదిలేస్తే అది తిరుగుతున్న చప్పుడు మూడో అంతస్తు దాకా వస్తోంది. ఆమె కుర్చీ లాక్కుని కూర్చుంది. మామగారు పక్కన స్టూలు మీద కూర్చున్నారు, చేతులు ఒళ్ళో పెట్టుకుని, ఫొటో తీయించుకునేవాడిలాగ.

"ముందు మీ అబ్బాయి కార్ల ఆట పంపుదాం మావయ్యా," అంది. "దారి బాగుందో లేదో తెలుస్తుంది."

"అంతే అంతే. గోతులుంటే వాడి కార్లే పడనీ."

కార్ల ఆట క్షేమంగా చేరింది. తర్వాత ఫుట్‌బాల్ ఆట చేరింది. ఆమె అప్పుడప్పుడూ ఆడుకునే పేకముక్కల ఆట చిటికెలో వెళ్ళిపోయింది. అప్పుడిక మేస్త్రిగారి ఊరు. ఫోల్డర్‌ని పట్టుకుని కొత్త డిస్క్ మీద వదిలింది. తెర మీద ఒక నీలం గీత పుట్టి, చీమ నడకతో కుడివైపుకి కదలడం మొదలుపెట్టింది.

"ఎంతసేపట్లో అవుతుందంటోంది?"

"గంటంటోంది. ఇప్పుడు మూడు గంటలంటోంది. మళ్ళీ గంటన్నర అంటోంది."

"అచ్చం మా కాంట్రాక్టరే," అన్నారు మేస్త్రిగారు.

చేసేదేమీ లేక ఇద్దరూ ఆ గీతనే చూస్తూ కూర్చున్నారు. అలా చూస్తూ ఆయన నెమ్మదిగా మాట్లాడటం మొదలుపెట్టారు. ఆట తెరవకుండానే, కళ్ళు సగం మూసుకుని, ఊరంతా నడిచారు. ఇదిగో వంతెన దిగుతున్నాం. ఎడంపక్కన నాటకశాల, లోపల దీపాలు ఆర్పలేదు. మెట్ల వీధిలో మూడో మెట్టు కాస్త ఎత్తు, కట్టినప్పుడు చూసుకోలేదు, తర్వాత అలవాటైపోయింది. మెట్లెక్కితే పాతపేట. అక్కడే మొదట కట్టాను. పెద్దమేస్త్రి ఇల్లు అక్కడే ఉంది. నాకు పని నేర్పినాయన. గోడకి అరచెయ్యి ఆనించి, కళ్ళు మూసుకుని, ఎంత వంకరుందో చెప్పేసేవాడు. ఆయనకి కట్టిన ఇల్లు మాత్రం నా చేతిలో వంకరగా వచ్చింది, అప్పటికి మౌసు పట్టుకోవడమే చేతకాదు. తలుపు మూస్తే కిటికీ తెరుచుకుంటుంది...

ఆ గొంతు వింటూ కోడలు బల్ల మీద మోచేతిలో తల వాల్చింది. సైకిలు చక్రం ఎక్కడో తిరుగుతూనే ఉంది.

కలలో ఆమె ఆ ఊళ్ళోనే ఉంది. కుండీల్లోంచి మొక్కలు వచ్చినట్టు ఇళ్ళు తేలిగ్గా ఊడివస్తున్నాయి. ఒక్కొక్క ఇంటినీ దులిపి, మడతపెట్టి దుప్పటిలో వేసుకుంటోంది. వంతెన దూదిపింజంత కూడా బరువు లేదు. ఏరుని మాత్రం ఎలా మడవాలో తెలియక చాప చుట్టినట్టు చుట్టింది. చుట్టలోంచి నీళ్ళ గలగల వినిపిస్తూనే ఉంది. మూట నెత్తిన పెట్టుకుని బయల్దేరింది. దారి ఎటు చూసినా తెల్లగా, మీగడ మీద నడుస్తున్నట్టు మెత్తగా ఉంది. ముందు ఒక ముసలాయన నడుస్తున్నాడు. చొక్కా వీపంతా సున్నం మరకలు. ఆయన వెనక్కి తిరగకుండానే, "ఇంకా చాలా దూరం ఉందా తల్లీ?" అని అడిగాడు. "దగ్గరికొచ్చేశాం తాతగారూ," అంది ఆమె, ఎక్కడికి దగ్గరో తనకే తెలియకుండా. ఆయన సరేనన్నట్టు తల ఊపి, దారి పక్కకి తిరిగి, తెల్లదనంలోకి వెళ్ళిపోయాడు.

మెలకువ వచ్చేసరికి గది నిశ్శబ్దంగా ఉంది. మామగారు గోడకి తల ఆనించి నిద్రపోతున్నారు. పక్కగదిలో అత్తగారి గురక సన్నగా ఈల వేస్తోంది. తెర మీద నీలం గీత ముప్పాతిక దాటి ఆగిపోయింది. దాని మీద ఒక చిన్న గడి నిలబడి ఉంది. ఈ ఫైలు చదవడం కుదరడం లేదు, మళ్ళీ ప్రయత్నించాలా, దీన్ని వదిలేసి ముందుకు పోవాలా అని అడుగుతోంది.

ఆమె మళ్ళీ ప్రయత్నించమంది. బల్ల కింద టక్, టక్‌టక్. అదే గడి. ఇంకోసారి. టక్‌టక్. అదే గడి.

"మావయ్యా. మావయ్యా, లేవండి."

ఆయన లేచి, కళ్ళజోడు తుడుచుకుని, ఆమె చెప్పిందంతా విన్నారు.

"ఒక్క ఫైలేనా?"

"ఒక్కటే. మొత్తం వేలల్లో ఉన్నాయి. దీని పేరు చూస్తే ఉత్త అంకెలు. లోపల ఏముందో తెలియట్లేదు."

ఆమె మొగుడికి ఫోన్ చేసింది. అవతల విమానం రొదలో అతను అరుస్తున్నట్టే మాట్లాడాడు. "ఆ డిస్క్ ఇంకెంతసేపు బతుకుతుందో తెలీదు. మిగతావి రానివ్వు. తర్వాత దాని సంగతి చూద్దాం!"

"వాడన్నది నిజమే," అన్నారు మేస్త్రిగారు. "ఒక ఇటుక విరిగిందని గోడ ఆపుతామా? వదిలెయ్ అమ్మాయ్."

ఆమె వదిలేసింది. గీత మళ్ళీ కదిలింది. చివరికంటా వెళ్ళింది. అదృష్టమో, ఆయువు చెల్లిందో, అది చివరికి చేరిన కాసేపటికే బల్ల కింద ఒక పొడుగాటి నిట్టూర్పులాంటి చప్పుడు వచ్చి, పాత డిస్క్ ఆగిపోయింది. కంప్యూటర్‌ని ఆర్పి వెలిగించినా ఇక అది ఉన్నట్టే కనిపించలేదు.

అప్పటికి వాన మొదలైంది. అత్తగారు లేచి, కిటికీ తలుపులు వేసి, ముగ్గురికీ టీ పెట్టి తెచ్చింది. "మీ ఊరు చేరిందా?" అంది.

"చేరింది. ఇప్పుడే తలుపు తీస్తున్నాం."

తలుపు వెంటనే తెరుచుకోలేదు. ఆ ఆట ఎక్కడా లేదు పొమ్మంది కంప్యూటర్.

"పాత చిరునామాకే వెళ్ళి తలుపు కొడుతోంది పాపం," అంది కోడలు. కొత్త చిరునామా రాసి ఇచ్చింది. ఈసారి తెర వెలిగింది. ఇదివరకైతే మంచినీళ్ళు తాగి వచ్చేసరికి తెరుచుకునే ఊరు, కంటిరెప్ప వేసేలోపు కళ్ళముందు నిలబడింది. మేస్త్రిగారు పసివాడిలా నవ్వారు. అక్కడ ఉదయం. ఏటి మీద ఎండ పలకలు పలకలుగా మెరుస్తోంది. వంతెన ఉంది. నాటకశాల ఉంది, దీపాలు వెలుగుతూనే ఉన్నాయి. మెట్ల వీధి ఉంది, ఎత్తు మెట్టు కూడా ఉంది. ఆయన ఎక్కుతూ వెళ్ళారు. పైకి చేరి, కుడివైపు తిరిగారు.

తిరిగి, ఆగిపోయారు.

ఎదురుగా అడవి.

వీధి మధ్యలో కత్తితో కోసినట్టు ఒక గీత. ఆ గీతకి ఇటు రాళ్ళు పరిచిన బాట, అటు మోకాలెత్తు గడ్డి. ఒక ఇల్లు సరిగ్గా సగానికి తెగి ఉంది. లోపల గోడకున్న అర, అరలో పెట్టిన దీపం, మేడ మీదికి నాలుగు మెట్లు, అన్నీ బొమ్మరిల్లులో కనిపించినట్టు కనిపిస్తున్నాయి. మిగతా సగం చోట మాను ఒకటి నిలబడి కొమ్మలు చాచింది. దాని వెనక చెట్లు, ఇంకా చెట్లు. ఆకుల్లోంచి దిగుతున్న మసక పచ్చటి వెలుగు. తెగిన వీధి మళ్ళీ చాలా దూరంలో, చెట్ల అవతల, ఏమీ జరగనట్టే మొదలవుతోంది.

కోడలికి అర్థం కావడానికి కొంచెంసేపు పట్టింది. ఆ అంకెల ఫైలు ఇటుక కాదు. పేట. ఆట ఆ చోట ఏముండేదో తెలియక, ఎవరూ అడుగు పెట్టకముందు ఆ నేల ఎలా ఉండేదో అలాగే మళ్ళీ మొలిపించింది.

"పాతపేట," అన్నారు మేస్త్రిగారు. మౌసు వదిలేసి అరచేతులు తొడలకి రుద్దుకున్నారు. కాసేపటికి, "పెద్దమేస్త్రి ఇల్లు," అన్నారు.

"మావయ్యా, నేను ఇంకో నాలుగుసార్లు ప్రయత్నించి ఉండాల్సింది."

"వదిలెయ్యమన్నది నేనే కదమ్మా."

కొడుకు ఆ పాత డిస్క్‌ని ఒక మరమ్మతు షాపుకి పట్టుకెళ్ళాడు. వాళ్ళు దాన్ని రెండ్రోజులు ఉంచుకుని, లోపలి పళ్ళెం గీసుకుపోయింది, ఇక ఏమీ రాదని చెప్పి తిరిగి ఇచ్చేశారు. అది విని మేస్త్రిగారు తల ఊపారు. మళ్ళీ కట్టుకోవచ్చు నాన్నా అంటే దానికీ తల ఊపారు. కానీ ఆ బల్ల దగ్గరికి పోలేదు. వరండాలో కుర్చీ వేసుకుని ఎదుటి భవనం వైపు చూస్తూ కూర్చునేవారు. అక్కడ నీలంచొక్కావాడు కిటికీ చట్రం తిరగేసి బిగిస్తున్నా పల్లెత్తు మాట అనలేదు.

"కేకలన్నా పెట్టవయ్యా," అంది అత్తగారు. "ఇంట్లో మనిషి ఉన్నట్టుంటుంది."

ఆయన చిన్నగా నవ్వి ఊరుకున్నారు. ఆ నవ్వు చూసి ఆవిడకి భయం వేసింది. ఆవిడ భయం ఎప్పుడూ కోపంగా మారుతుంది. వంటగదిలోకి వచ్చి గిన్నెలు ఎత్తి కుదేసింది.

"అసలేం పోయిందే ఆ ఊళ్ళో? ఇటుకలేగా? ఇన్నాళ్ళూ కట్టినవాడు ఇంకో నాలుగు కట్టుకోలేడా?"

కోడలు కాసేపు ఆలోచించింది. మామగారు చెప్పొద్దని ఒట్టేమీ వేయించుకోలేదు. సున్నం కలిపే ఆవిడ గురించి, బక్కాయన గురించి, పెద్దమేస్త్రి గురించి చెప్పింది. అత్తగారు గరిటె పట్టుకుని అలాగే నిలబడిపోయింది.

"సున్నం ఆవిడ నాకు తెలుసు," అంది చివరికి. "ఆవిడ చేతులకి మందు రాసి కట్టు కట్టింది నేనే. ఎన్నిసార్లో. ఆవిడకి ఇల్లు కట్టానని నాతో ఒక్క ముక్క చెప్పలేదు చూశావా ఈ మనిషి!"

చేతులు తుడుచుకుని నేరుగా వెళ్ళి కంప్యూటర్ ముందు కుర్చీలో కూర్చుంది. "పెట్టు. చూస్తాను."

ఆవిడ ఆ కుర్చీలో కూర్చోవడం అదే మొదలు. కోడలు ఆట తెరిచి, ఏ మీట నొక్కితే ముందుకి, ఏది నొక్కితే పక్కకి, మౌసు ఎటు తిప్పితే చూపు అటు తిరుగుతుందో చెప్పింది. అత్తగారు ఆపరేషన్ గదిలో పనిముట్లు అందుకున్నంత శ్రద్ధగా విని, మొదటి అడుగే ఏట్లో వేసింది. బయటికి లాగేసరికి తల ప్రాణం తోకకొచ్చింది. గోడలకి గుద్దుకుంటూ, దీపస్తంభాలకి తగులుతూ, మెట్ల వీధి ఎక్కింది. నీళ్ళ తొట్టి ఉన్న గుమ్మం ముందు కాసేపు ఆగింది. తర్వాత పైకి వెళ్ళి, ఆ తెగిన గీత దాటి, చెట్లలోకి దిగింది.

అక్కడ వెలుగు తగ్గింది. కొమ్మల మధ్య పలకల పలకల ఆకాశం. అడుగు వేస్తే గడ్డి సన్నగా చప్పుడు చేస్తోంది. ఎక్కడో గొర్రె ఒకటి అరిచింది. అత్తగారు మాట్లాడటం మానేసింది. కుర్చీ అంచుకి జరిగి, మెడ ముందుకు చాచి, చెట్టుకీ చెట్టుకీ మధ్యనుంచి మెల్లగా నడుస్తోంది. కోడలు పక్కన నిలబడి, తను కూడా ఎక్కడ ఉందో మరిచిపోయి చూస్తోంది. పొయ్యి మీద ఏదో పెట్టామన్న సంగతి ఇద్దరికీ గుర్తులేదు.

చాలాసేపటికి అత్తగారు, "ఇందాక వచ్చిన దారేదే?" అంది.

"తెలియట్లేదు అత్తయ్యా. అన్నీ ఒక్కలాగే ఉన్నాయి."

"పొద్దుగూకుతోంది."

నిజమే, ఆకుల మీద ఎర్రటి వెలుగు పడుతోంది. ఆవిడ ఇటు తిరిగింది, అటు తిరిగింది. ఎటు చూసినా మాన్లే. ఉన్నట్టుండి వరండా వైపు తిరిగి, మార్కెట్లో తప్పిపోయిన మనిషిలా కేక పెట్టింది.

"ఏమయ్యా! నేను తప్పిపోయాను! ఇటు రా!"

మేస్త్రిగారు ఏం ముంచుకొచ్చిందో అని గోడ పట్టుకుని గబగబా వచ్చారు. కుర్చీలో భార్యని, తెర మీద చెట్లనీ చూసి గుమ్మంలోనే ఆగిపోయారు.

"నువ్వా? అక్కడికెలా పోయావు?"

"నడిచే పోయాను, మోకాళ్ళు నీకే నొప్పి, నాక్కాదు. దారి చెప్పు."

"ఎడమకి తిరుగు. ఎడమకోయ్, అది కుడి."

"నాకు ఎడమే అది."

"సరే, సూర్యుడు వీపు వెనక ఉండేలా నడువు. తిన్నగా. ఆ వంగిన చెట్టు దాటు." ఆయన దగ్గరికి వచ్చి కుర్చీ వీపు పట్టుకున్నారు. "దాటావా? ఇప్పుడు కుడికి..."

"ఇక్కడ గుంట ఉంది."

చెట్ల మధ్య చిన్న చెరువులాంటి గుంట. నీళ్ళు కదలడం లేదు. ఎర్రటి ఆకాశం ముక్క ఒకటి అందులో పడి ఉంది. గట్టున పసుప్పచ్చ పూలు నాలుగు.

మేస్త్రిగారు స్టూలు లాక్కుని నెమ్మదిగా కూలబడ్డారు.

"ఇది నేనే పూడ్చాను," అన్నారు. "మొదటి రోజు. ఏ మీట నొక్కితే ఏమవుతుందో తెలీదు. తవ్వబోయి మట్టి పోసేశాను. ఆ మట్టి మీదే పెద్దమేస్త్రి ఇల్లు లేపాను. ఇది ఉండేదన్న సంగతే మరిచిపోయాను."

"పూడ్చక ముందు బాగానే ఉందిగా."

"బాగానే ఉంది," అన్నారు ఆయన. ఆ మాట వింతగా, తనకి తానే కొత్తగా చెప్పుకున్నట్టు అన్నారు.

ముగ్గురూ ఆ నీళ్ళకేసి చూస్తూ ఉండిపోయారు. వెలుగు పలచబడి, గుంటలో ఎరుపు పోయి, ఒకటి రెండు నక్షత్రాలు వచ్చాయి. వంటగదిలోంచి మాడు వాసన కూడా వచ్చింది. కోడలు పరుగెత్తింది. ఆమె గిన్నె దించి వచ్చేసరికి వాళ్ళిద్దరూ వాదించుకుంటున్నారు. కొద్దిరోజులుగా ఆ ఇంట్లో వినపడని చప్పుడు అది.

"చీకటి పడింది, ఇంటికి పదమంటావు సరే. ఏ ఇంటికి? మనిల్లెక్కడ?"

"మనకక్కడ ఇల్లెందుకోయ్? మనం ఇక్కడ ఉంటున్నాంగా."

"ఊరందరికీ కట్టావు. పెళ్ళాన్ని అడవిలో వదిలేశావు."

"నువ్వెప్పుడైనా వస్తానన్నావా?"

"పిలిచావా?"

ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు అంటారు. మేస్త్రిగారు రెండూ చేసి చూసిన మనిషే, అయినా ఆ ప్రశ్నకి గోడ కట్టలేకపోయారు. ఆ పూటకి ఆవిడని చెట్లలోంచి బయటికి నడిపించి, సున్నం ఆవిడ ఇంట్లో పడుకోబెట్టారు.

పాతపేట మళ్ళీ లేవలేదు. తెగిన ఇంటికి మాత్రం ఆయన మర్నాడే ఒక గోడ ఎత్తి మూసేశారు, వాన పడితే దీపం తడుస్తుందని. పెద్దమేస్త్రికి ఏటి ఒడ్డున కొత్త ఇల్లు కట్టారు, ఈసారి తలుపు మూస్తే కిటికీ తెరుచుకోకుండా. అది పూర్తయిన రోజు అరచెయ్యి తెర మీద, ఆ గోడ మీద ఆనించి కాసేపు కళ్ళు మూసుకుని కూర్చున్నారు.

ఆ తర్వాత గుంట పక్కన స్థలం చూశారు. రెండు గదుల ఇల్లు. ఎన్ని చెట్లు కొట్టాలన్న దాని మీద భార్యాభర్తలకి చాలారోజులు సంధి కుదరలేదు. ఆయన తొమ్మిది అన్నారు. ఆవిడ ఒక్కటి కూడా వీల్లేదంది. చివరికి రెండింటికి ఒప్పుకుంది, ఏ రెండో తనే చూపిస్తానంది. చూపించడానికి రోజూ మధ్యాహ్నం ఆ చెట్లలో తిరిగేది. ఆ తిరుగుడు అలవాటైపోయి, మేస్త్రిగారికి తన కుర్చీ దొరకడమే గగనమైంది. "అమ్మాయ్, కాస్త మీ అత్తయ్యని ఏదైనా పనికి పిలు, నేను తడిపిన ఇటుకలు ఆరిపోతున్నాయి," అని ఆయన కోడలి చెవిలో గొణిగేవారు.

ఒక సాయంత్రం కోడలు స్కానింగ్ సెంటర్ నుంచి వచ్చి, చెప్పులు విప్పుతూ ఆ గదిలోకి తొంగి చూసింది. దీపం వెయ్యలేదు. ఇద్దరూ పక్కపక్కనే కూర్చుని ఉన్నారు. తెర వెలుగు వాళ్ళ ముఖాల మీద నీలంగా ఆడుతోంది. ఇంటి గోడలు లేచాయి, కప్పు పడింది. తలుపు మాత్రం లేదు. నాలుగు వైపులా గోడే.

"తలుపు మరిచిపోయారా మావయ్యా?"

"మరిచిపోవడమా! మీ అత్తయ్య ఇంకా తేల్చలేదు. సూర్యుడు ఎక్కడ లేస్తాడో సరిగ్గా చూసుకుని, అటు పెట్టాలట. పొద్దుటి ఎండ పక్క మీద పడాలట."

"పడద్దూ మరి?" అంది అత్తగారు తెర మీంచి కళ్ళు తిప్పకుండా. "కూర్చోవే. వచ్చేస్తున్నాడు."

కోడలు భుజాన సంచీ ఉండగానే మంచం అంచున కూర్చుంది. చెట్ల వెనక ముందు బూడిదరంగు వచ్చింది, తర్వాత గులాబీరంగు. నలుచదరపు సూర్యుడు ఒక మాను పక్కనుంచి, తొందర లేకుండా పైకి వచ్చాడు. గుంట నీళ్ళు వెలిగాయి. పూలు వెలిగాయి. తలుపు లేని గోడ మీదికి వెలుగు ఒక్కొక్క రాయే ఎక్కింది.

"ఇటు," అంది అత్తగారు.

"ఇటేనా? పెట్టేస్తున్నా మరి."

ఆవిడ తల పక్కకి వంచి చూసింది. "ఉండు. రేపు ఇంకొక్కసారి చూద్దాం."

అక్కడ రేపు రావడానికి ఎంతోసేపు పట్టదు. మేస్త్రిగారు మౌసు మీంచి చెయ్యి తీసి, కాళ్ళు చాపుకుని కూర్చున్నారు. ఎవరూ లేచి దీపం వెయ్యలేదు.